కాణిపాకంలో పాకం

కాణిపాకం పేరులో పాకం ఉంది. అది పొయ్యి మీది పాకం కాదని ఊరివాళ్ళు వెంటనే చెబుతారు. కథ తెలిసిందే. గుడ్డి, మూగ, చెవిటి అయిన ముగ్గురు అన్నదమ్ములు ఏతం వేసి చేను తడుపుకునేవాళ్ళు. బావి ఎండిపోతే పూడిక తీయబోయారు. పార రాతి వినాయకుడికి తగిలి నెత్తురు చిమ్మింది, ముగ్గురి లోపాలూ పోయాయి. సంగతి తెలిసి జనం వచ్చి కొట్టిన కొబ్బరికాయల నీళ్ళు కాణి నేల మేర పారాయట. కాణి అంటే మాగాణి, పారకం అంటే పారుదల. కాణిపారకమే కాణిపాకమైందని స్థలపురాణం చెప్పే వ్యుత్పత్తి.

భాష వైపునుంచి చూస్తే ఇంకో దారి కూడా కనిపిస్తుంది. నుంగంబాక్కం, మీనంబాక్కం, విల్లివాక్కం లాంటి ఊరిపేర్ల చివర ఉండే తమిళ ‘పాక్కం’ అంటే పల్లె. చిత్తూరు జిల్లా 1911లో ఏర్పడేదాకా ఈ నేల ఉత్తర ఆర్కాటులో భాగం. 1960లో తిరుత్తణి మద్రాసు రాష్ట్రానికి వెళ్ళిపోయింది గానీ మాటలు ఏ ఒప్పందానికీ లోబడి సరిహద్దు దాటవు, దాటకుండా ఆగవు. కాణి కూడా అక్కడిదే. తమిళంలో అది ఎకరాకు మూడోవంతు ఎక్కువైన భూమి కొలత, వంశపారంపర్యంగా వచ్చే భూమి హక్కు కూడా. మనం ‘కళలకు కాణాచి’ అని పొగిడేటప్పుడు పలికే కాణాచి ఆ ‘కాణి ఆట్చి’ నుంచి వచ్చిందే. నా మొగ్గు పాక్కం వైపు. అయితే స్థలపురాణాన్ని తోసిపుచ్చను. మాట ఎక్కడ పుట్టిందన్నది ఒక చరిత్ర, జనం దాన్ని ఎలా విన్నారన్నది ఇంకో చరిత్ర. కాణిపాకం అన్న పేరులో ఇక్కడి రైతులు నీటి పారుదలను విన్నారు. ఎండిన బావుల సీమలో అలా వినడం ఎంతో సహజం.

నేను వినేది మూడో పాకాన్ని, వంటింటి పాకాన్ని. ఎందుకంటే, తిరుపతి నుంచి డెబ్భై కిలోమీటర్లు వచ్చి, వరసిద్ధి వినాయకుణ్ణి చూసి, పూట తిరక్కుండా వెనక్కి వెళ్ళే యాత్రికుడు ఈ నేలలో ఒక్క వంటైనా చేత్తో చేసి నేర్చుకుని పోవాలని నాకు గట్టి కోరిక. థాయ్‌లాండులో చియాంగ్ మాయికి వెళ్ళినవాళ్ళు పొద్దున్నే అంగడికి వెళ్ళి ఆకులూ దుంపలూ గుర్తుపట్టి, మధ్యాహ్నానికి రోటి ముందు కూర్చుని ముద్ద నూరి వస్తున్నారు. ప్రయాణంలో వంట నేర్చుకోవడం అక్కడ ఒక వ్యాపారమే అయింది. మన వైపు ఈ పని బోర్డు లేకుండా ఇళ్ళల్లో జరుగుతూనే ఉంది. కొత్త కోడలు, సెలవులకు వచ్చిన మనవరాలు, పండక్కి దిగిన చుట్టం, అందరూ పొయ్యి పక్కన నిలబడి నేర్చుకున్నవాళ్ళే. నేర్చుకునేవాళ్ళు అడిగే మొదటి ప్రశ్నా ఎప్పుడూ ఒకటే: “ఎంతసేపు కాయాలక్కా?” జవాబూ ఒకటే: “పాకం వొచ్చేదాకా.”

ఈ జవాబు విని కొత్తవాళ్ళు తికమకపడతారు. పాకం వచ్చేదాకా పాకం కాయమంటే ఏమని అర్థం? మాట లోపలికి వెళితే ఇందులో తికమక లేదు.

పాకం సంస్కృతపు ‘పచ్’ ధాతువు నుంచి వచ్చింది. ఆ ధాతువుకు వండడం, పండడం, అరగడం, మూడూ అర్థాలే. మంటతో జరిగినా ఎండతో జరిగినా కడుపులో జరిగినా పని ఒకటేనని ఆ భాష భావించింది. అన్నం పక్వమవుతుంది, పండూ పక్వమవుతుంది, తిన్నది పచనమవుతుంది. ఆయుర్వేదంలో తిన్న పదార్థం అరిగాక మిగిలే గుణానికి విపాకమని పేరు. తెలుగులో వండు, పండు అని రెండు వేరు క్రియలున్నాయి. ఒక్క అక్షరమే తేడా అయినా పుట్టుకలో వీటికి చుట్టరికం ఉందనడానికి ఆధారం లేదు. హిందీ దారిన వచ్చి పక్వమే మనకు ‘పక్కా’ అయింది. పక్కా ఇల్లు అంటే కాలిన ఇటుకల ఇల్లు, వండిన ఇల్లన్నమాట. ఇంకా దూరం పోతే లాటిన్ ‘కోక్వెరె’, దాని నుంచి దిగిన ఇంగ్లీషు ‘కుక్’ కూడా ఈ వేరుకు మొలిచినవే. కుకింగ్ క్లాస్ అన్నా, పాకం నేర్చుకోవడం అన్నా మూలధాతువు ఒకటే.

మన వంటిళ్ళు ఈ మాటతో చేసిన పని నన్ను ఎక్కువగా ఆకట్టుకుంది. సంస్కృతంలో పాకమంటే ఏ వంటైనా సరే. నలపాకం, భీమపాకం, పాకశాస్త్రం, పాకశాల లాంటి సమాసాల్లో ఆ విశాలమైన అర్థం అలాగే ఉండిపోయింది. ఒంటరిగా పాకం అన్నామంటే మాత్రం తెలుగువాడికి బెల్లమో చక్కెరో మాత్రమే గుర్తొస్తాయి. పప్పుకు పాకం లేదు, సంగటికి లేదు, పులుసుకూ లేదు. అంత పెద్ద మాటను ఇంత చిన్న గిన్నెలోకి కుదించడానికి కారణం ఉందని నా నమ్మకం. మార్పు మెట్లుమెట్లుగా కంటికి కనిపించి, వేలికి తగిలి, ఒక్క నిమిషం అటూ ఇటూ అయితే వెనక్కి రాని వంట ఇదొక్కటే. పప్పు ఇంకాస్త ఉడికినా పప్పే. లేతపాకం ముదిరితే అది వేరే వస్తువు.

ఆ మెట్లకు పేర్లున్నాయి. లేతపాకం, తీగపాకం, ఉండపాకం, ముదురుపాకం. వేళ్ళ మధ్య సాగదీస్తే తీగ రావాలి. చన్నీళ్ళలో చుక్క వేసి చేత్తో దగ్గరకు తీస్తే మెత్తని ఉండ కావాలి. ఉండను పళ్ళెం మీద వేసినప్పుడు టంగుమని మోగితే అది ముదిరిన పాకం. ఈ పేర్లన్నీ చేతి పేర్లే, పరీక్ష పేర్లే. వంట పుస్తకాలు ఉండపాకాన్ని దాదాపు 112 నుంచి 116 డిగ్రీల సెల్సియస్ మధ్య పెడతాయి. నీరు ఆవిరైన కొద్దీ తీపి చిక్కబడి మరుగుస్థానం పెరుగుతుంది కాబట్టి ఆ అంకె శుద్ధమైన చక్కెరకు నిజమే. బెల్లం శుద్ధమైన చక్కెర కాదు. అందులో గ్లూకోజు, ఫ్రక్టోజు, ఖనిజ లవణాలు ఉంటాయి. చెరుకును బట్టి, నేలను బట్టి, గానుగ దగ్గర వండిన తీరును బట్టి వాటి పాళ్ళు మారతాయి. చిత్తూరు మండీలో పక్కపక్క కొట్లలో కొన్న రెండు దిమ్మలు ఒకే వేడికి ఒకే పాకానికి రానక్కర్లేదు. అందుకే నీళ్ళగిన్నె, రెండు వేళ్ళు.

క్రియలు చూడండి. అన్నం వండుతాం, పాలు కాస్తాం, కూర చేస్తాం. పాకం మాత్రం పడతాం. పట్టడమంటే చేజిక్కించుకోవడం. ఇంకో వైపు పాకం ‘వస్తుంది’, ‘కుదురుతుంది’, ‘తప్పుతుంది’. మనం చేసేది కాదది, మంట మీద తనంతట తాను వచ్చేది. వచ్చిన క్షణాన పట్టుకోవడమే మన వంతు. వ్యవహారం ఒక కొలిక్కి వచ్చే దశ చేరితే ‘పాకాన పడింది’ అంటాం. ఇన్ని వాడుకల్లోనూ పాకం పదార్థానికి పేరు కాదు, ఒక దశకు పేరు. “పాకం వొచ్చేదాకా” అన్న జవాబుకు అర్థం ఇదే. ఆ అక్క గడియారాన్ని పక్కన పెట్టించి, శిష్యురాలి చూపును గిన్నెలోకి తిప్పుతోంది.

దీనికి ఎదురు నిలిచే మాట కూడా ఈ ప్రాంతంలోనే ఉంది: దిట్టం. తిరుమల ప్రసాదాల తయారీలో ఏ సరుకు ఎంత పడాలో చెప్పే పట్టికకు దిట్టమని పేరు. తమిళంలో తిట్టం అంటే ఏర్పాటు, పథకం. 5100 లడ్డూలకు 180 కిలోల శనగపిండి, 165 కిలోల నెయ్యి, 400 కిలోల చక్కెర, 30 కిలోల జీడిపప్పు, 16 కిలోల ఎండుద్రాక్ష, 8 కిలోల కలకండ, 4 కిలోల యాలకులు. లెక్క ఇంత కచ్చితంగా ఉంటేనే రోజూ లక్షల లడ్డూలు ఒకే రుచిగా వస్తాయి. దిట్టం గొప్పది, దాన్ని తక్కువ చేయను. అయితే ఆ 400 కిలోల చక్కెర ఏ ఘడియలో పాకమైందో పట్టిక చెప్పలేదు. పోటు అనే గుడి వంటశాలలో పొయ్యి దగ్గర నిలబడ్డ మనిషి చెప్పాలి. దిట్టాన్ని కాగితం మీద రాసి అమెరికాకు పంపవచ్చు. పాకం కోసం మాత్రం మనిషి బయలుదేరి రావాలి. ప్రయాణం చేసి వంట నేర్చుకోవడానికి ఇంతకంటే సరైన కారణం నాకు కనిపించదు.

నేర్చుకోవాల్సింది అరిసె. తిరుమల శాసనాల్లోని నైవేద్యాల్లో అప్పపడి, వడపడి పక్కనే అతిరసపడి కనిపిస్తుంది. తమిళులకు ఈనాటికీ అది అదిరసం, కన్నడంలో కజ్జాయ, మనకు అరిసె. రాత్రంతా నానిన బియ్యాన్ని వడకట్టి, తడి ఆరకముందే దంచి, జల్లించి, ఆ పిండిని ఉండపాకంలో పోస్తూ కలియబెట్టాలి. పాకం లేతదైతే నూనెలో అరిసె విచ్చిపోతుంది. ముదిరితే పంటికి లొంగదు. తడిపిండే కావాలి, అంగడి పొడిపిండి పాకాన్ని వేరేలా పీల్చుకుంటుంది. పిండి ఎంత పడుతుందని అడిగితే “పాకం పట్టినంత” అంటారు. ఇక్కడ పట్టడం మళ్ళీ అర్థం మార్చుకుంది. ఇందాక మనం పాకాన్ని పట్టాం, ఇప్పుడు పాకం పిండిని పడుతోంది.

ఇక చెయ్యి. తెలుగులో చెయ్యి అంటే హస్తం, చెయ్యి అంటే ‘పని చేయి’ కూడా. పక్క భాషల్లో ఈ రెండూ విడివిడిగా ఉన్నాయి. తమిళంలో హస్తం ‘కై’, చేయడం ‘సెయ్’. మూలాలు వేరే అయినా తెలుగు నోట ధ్వనులు కలిసిపోయాయి. ఆ కలయిక యాదృచ్ఛికమైనా మనకు మేలే చేసిందంటాను. మంచి వంటకత్తెను మనం ‘చెయ్యి తిరిగిన మనిషి’ అంటాం. సరిహద్దు అవతల తమిళులు ‘కైప్పక్కువం’ అంటారు. కై మన చెయ్యే, పక్కువం మన పక్వమే. చేతికి పక్వం వచ్చిందని ఆ మాట చెబుతోంది. వంటతోపాటు వండే చెయ్యీ ఉడకాలన్న ఊహ అందులో ఉంది. తెలుగులో దానికి సరిజోడు మాట లేకపోవడం నాకు లోటుగానే తోస్తుంది.

కాణిపాకం పక్కన పారే ఏరు పేరు బాహుద, అంటే బాహువులను ఇచ్చినది. అన్న శంఖుడి తోటలో అడగకుండా పండు తిన్నందుకు లిఖితుడు రాజును అడిగి మరీ శిక్ష పొంది, చేతులు పోగొట్టుకుని, ఈ నీళ్ళలో మునిగి తిరిగి పొందాడని కథ. భారతం శాంతిపర్వంలోనూ శంఖలిఖితులున్నారు, బాహుద ఉంది. పేరు దగ్గరగా ఉన్న మరో మనిషి కూడా భారతంలోనే ఉన్నాడు. నలుడు రూపం మారి బాహుకుడై ఋతుపర్ణుడి కొలువులో ఉండగా దమయంతి అతని వంట తెప్పించుకుని రుచి చూసి గుర్తుపట్టింది. ముఖం మారింది, చేతులు కురచబడ్డాయి, చేతిపాకం మారలేదు. నలపాకమన్న మాటను రుచికి పొగడ్తగానే వాడుతున్నాం గానీ ఆ కథలో అది ఆనవాలు.

ఆలంకారికులు ఈ మాటను కవిత్వానికి తీసుకుపోవడం ఇందుకేనేమో. కాకతీయ ప్రతాపరుద్రుడి ఆస్థానంలో విద్యానాథుడు ద్రాక్షాపాకం, నారికేళపాకం అన్నాడు. రాజశేఖరుడు కావ్యమీమాంసలో తొమ్మిది చెప్పాడు. వాటిలో వేప, రేగు, చింత, వంకాయ, దోసకాయ కూడా ఉన్నాయి. వామనుడిది నాకు అన్నిటికంటే నచ్చిన మాట. ఒక పదం తీసి ఇంకో పదం పెట్టడానికి వీల్లేని స్థితే శబ్దపాకమన్నాడు. పొయ్యి దగ్గర ఉండపాకం తెలిసినవాళ్ళకు ఈ నిర్వచనం ఒక్కసారిలో అర్థమవుతుంది.

కాణిపాకంలో ఏ ఇల్లయినా యాత్రికులకు వంట నేర్పడానికి తలుపు తెరిస్తే, బోర్డు మీద ముందు కాలం రాయాలి, తర్వాత వంట. సంక్రాంతికి గానుగలాడే రోజుల్లో కొత్తబెల్లంతో అరిసెల పాకం. వేసవిలో బెంగుళూరా మామిడికాయతో బెల్లం తొక్కు. వినాయక చవితికి మొదలై ఇరవై ఒక్క రోజులు సాగే బ్రహ్మోత్సవాల్లో కుడుముల పూర్ణం. రుసుము ఎంతైనా పెట్టుకోనీ. ఒక్కొక్కరికీ ఒక గిన్నె, ఒక దిమ్మ బెల్లం, పక్కన చన్నీళ్ళు ఇవ్వాలి. పది మంది చూస్తుండగా ఒకరు పట్టే పాకం మిగతా తొమ్మిది మందికీ రాదు.