ఫిరంగి వెనుక ఫ్రాంకులు

కోట బురుజు మీద తుప్పు పట్టి కనిపించే ఫిరంగికీ, జెరూసలేం కోసం సాగిన క్రూసేడు యుద్ధాలకీ చుట్టరికం ఉంది. 1099లో ఆ నగరాన్ని పట్టుకున్న పడమటి క్రైస్తవ సేనల్లో ఫ్రాంకులతో పాటు నార్మన్లు, ఇటలీవాళ్లు కూడా ఉన్నారు. అరబ్బు చరిత్రకారులు మాత్రం అందరినీ ఒకే గాటన కట్టి ‘ఇఫ్రంజ్’ అన్నారు. డమాస్కస్‌వాడైన ఇబ్న్ అల్ ఖలానిసీ రాతల్లోనూ ఆ పేరే.

ఈ ఫ్రాంకులను దగ్గరగా చూసి పుస్తకం రాసినవాడు షైజర్ కోట వంశీకుడు ఉసామా ఇబ్న్ మున్కిజ్ (1095–1188). జెరూసలేంలో నమాజు చేస్తుంటే, కొత్తగా దిగిన ఫ్రాంకు ఒకడు ఆయన్ని పట్టుకుని ముఖం బలవంతంగా, క్రైస్తవులు ప్రార్థించే తీరులో, తూర్పుకు తిప్పాడట. అక్కడున్న టెంప్లర్లనే క్రైస్తవ యోధులు వాణ్ణి ఈడ్చేసి, క్షమించమని ఉసామాను వేడుకున్నారు. వాళ్లు ఆయనకు స్నేహితులు! అలాగని ఫ్రాంకులను తిట్టడంలో ఆయన ఏమీ తక్కువ చేయలేదు. ఆ పుస్తకానికి రుచి అక్కడే ఉందని నాకనిపిస్తుంది.

‘ఇఫ్రంజ్’ అన్న ఆ పేరే పారసీకంలో ‘ఫరంగీ’ అయి, ఐరోపా వాళ్లందరికీ చెల్లింది. 1498లో పోర్చుగీసులు కాలికట్‌లో దిగాక వాళ్లూ ఫరంగీలే. వాళ్ల తరహా తుపాకులకూ ఆ పేరే అంటింది. 1526 పానిపట్టు యుద్ధం గురించి రాస్తూ బాబరు ఆ మాట వాడాడు. తెలుగులో ‘పరంగి’ తెల్లవాడయ్యాడు, ‘ఫిరంగి’ గుండ్లు పేల్చేదయింది.