నవ్వు దాటిన గొంతు: మట్టెవాడ నేరెళ్ల వేణుమాధవ్

వరంగల్‌లో కొత్తవాడ అనగానే జంపఖానాలు గుర్తొస్తాయి. రంగు నూలు, మగ్గాలు, చుట్టలు చుట్టి పెట్టిన దర్రీలు. 2018లో వరంగల్ జంపఖానాలకు జీఐ గుర్తింపు వచ్చింది, అందులో కొత్తవాడ నేతగాళ్ల వాటా పెద్దది. అదే ఏడాది జూన్ 19న ఆ పక్కనే ఉన్న మట్టెవాడలో పుట్టిన ఒక పెద్దమనిషి చనిపోయారు. పేరు నేరెళ్ల వేణుమాధవ్. వయసు 85.

ఈ వాడల మగ్గాల చప్పుడే ఆయన చెవికి చదువు చెప్పిందని రాస్తే వ్యాసం అందంగా మొదలవుతుంది. కానీ ఆ అందం మన కోసం మనం అల్లుకునేదే. ఆయన చెవికి చదువు చెప్పింది సినిమా హాలు.

వేణుమాధవ్ 1932 డిసెంబర్ 28న పుట్టారు. అప్పటికి వరంగల్ నిజాం రాజ్యంలో ఉంది. ఆజంజాహి మిల్లు రావడానికి ఇంకా రెండేళ్లుంది. తెలుగు టాకీ మొదలై అప్పటికి ఏడాదే. ఇంట్లో తెలుగు, కచేరీలో ఉర్దూ, తెర మీద మద్రాసు తెలుగు, బొంబాయి హిందీ, ఇంకొంచెం పెద్దయ్యాక హాలీవుడ్ ఇంగ్లీషు. ఇన్ని భాషల మధ్య పెరిగిన పిల్లలు ఆ ఊళ్లో వేలమంది ఉంటారు. వాళ్లలో ఒక్కడు ఆ గొంతులన్నిటినీ ఇంటికి పట్టుకెళ్లాడు.

మొదట పట్టుకెళ్లిన గొంతులేవో చూడండి. చిత్తూరు నాగయ్య, వేమూరి గగ్గయ్య, మాధవపెద్ది వెంకట్రామయ్య. వీళ్లు సినిమా గొంతులు కాకముందు నాటకం గొంతులు. గగ్గయ్య అంటే 1933 'సావిత్రి'లో యముడు, 1935 'శ్రీకృష్ణ లీలలు'లో కంసుడు. మైకు లేని పందిట్లో చివరి వరుసలో కూర్చున్నవాడికి కూడా పద్యం వినబడాలి, లేకపోతే వాడు లేచి వెళ్లిపోతాడు. ఆ అవసరంలోంచి పుట్టిన గొంతు అది. సినిమా మైకు వచ్చాక అంత గొంతుతో పని లేకుండా పోయింది. 1940లలో వరంగల్‌లో ఒక కుర్రాడు గగ్గయ్యను అనుకరిస్తున్నాడంటే, వెళ్లిపోతున్న ఒక రంగస్థల యుగాన్ని వాడు తెలియకుండానే గొంతులో దాచుకుంటున్నాడన్నమాట.

అదీ ఎలా? ఇవాళ మనకి ఏ డైలాగైనా నచ్చితే వెనక్కి జరిపి పదిసార్లు వింటాం. అప్పుడు బొమ్మ వచ్చేది, ఆడేది, డబ్బాలు సర్దుకుని ఇంకో ఊరికి పోయేది. మళ్లీ వినాలంటే మళ్లీ టికెట్ కొనాలి. గ్రామఫోన్ రికార్డులు ఉన్నవాళ్లకి ఉన్నాయి, వాటిలో కూడా పద్యాలూ పాటలే ఎక్కువ. ఒకటి రెండు సార్లు విని, దారంతా నెమరేసుకుని, ఇంటికెళ్లి ప్రయత్నించాలి. ఆయన కళలో సగం గొంతుదైతే సగం జ్ఞాపకానిదని నేను గట్టిగా నమ్మేది ఇందుకే.

1947 ప్రాంతంలో ప్రదర్శనలు మొదలుపెట్టారు. ఆ మరుసటి ఏడాదే హైదరాబాదు రాజ్యం భారతదేశంలో కలిసింది. ఆ తర్వాతి అరవై ఏళ్లలో వేల ప్రదర్శనలు, దేశదేశాల పర్యటనలు, ఐక్యరాజ్యసమితి వేదిక, 1977లో ఆంధ్ర విశ్వవిద్యాలయం వారి కళాప్రపూర్ణ, 2001లో పద్మశ్రీ. ఈ జాబితా ఏ సన్మానపత్రంలోనైనా దొరుకుతుంది. జనం ఆయన్ని 'ధ్వన్యనుకరణ సమ్రాట్' అన్నారు. నాకు ఆసక్తి ఆ సామ్రాజ్యంలో ఏముందనే దాని మీద.

మామూలుగా మిమిక్రీ అంటే ఒక నటుడి ఊతపదం పట్టుకోవడం, దాన్ని కొంచెం సాగదీయడం. జనం గుర్తుపడతారు, నవ్వుతారు, అయిపోతుంది. కానీ ఒక మనిషి గొంతంటే శ్రుతి ఒక్కటే కాదు. ఎక్కడ ఊపిరి తీసుకుంటాడు, ఏ అక్షరం మీద ఒరుగుతాడు, మాట ముక్కులోంచి వస్తుందా ఛాతీలోంచి వస్తుందా, వాక్యం చివర గొంతు లేస్తుందా పడిపోతుందా, ఇవన్నీ కలిస్తే గొంతు. స్వరతంత్రుల సహజ పరిమాణం శరీరంతో వచ్చేది, దాన్ని మనం మార్చలేం. మార్చగలిగేది దాని పైనున్న గది ఆకారాన్ని. నాలుక, అంగిలి, పెదవులు, కంఠం ఎత్తు. అంటే అనుకర్త చేసేది ప్రతిసారీ తన నోట్లో ఇంకొకరి ఇల్లు కట్టడం. మైకు ఎంత దూరంలో పెట్టుకోవాలన్నది కూడా ఆ పనిలో భాగమే.

వేణుమాధవ్ ఇక్కడితో ఆగలేదు. ఆయన పేరు చెప్పగానే పాతతరం వాళ్లు తలుచుకునేవి రెండు: 'టెన్ కమాండ్‌మెంట్స్', 'మెకన్నాస్ గోల్డ్'. మొదటిది 1956 నాటి డిమిల్ సినిమా. రెండోది 1969లో వచ్చి మన దేశంలో ఏళ్ల తరబడి ఆడింది. వీటిలోంచి ఆయన ఒక్క పాత్రను తీసుకోలేదు, ఏకంగా సన్నివేశాన్నే తీసుకున్నారు. మాటలు, వెనక సంగీతం, గుర్రాల డెక్కలు, గాలి, కొండలు విరిగిపడే చప్పుడు. తెర లేదు, బొమ్మ లేదు, పంచె కట్టుకున్న మనిషొకడు, ఒక మైకు. గుర్రం దగ్గరవుతోందా దూరమవుతోందా అన్నది కూడా తెలియాలి. అంటే ధ్వనికి దూరం ఉండాలి, లోతు ఉండాలి. ఇది నటుడి పని, సౌండ్ ఇంజనీరు పని, ఎడిటర్ పని, మూడూ ఒకే ఊపిరితిత్తుల మీద.

ఇంత చేసినా మన సాహిత్య, రంగస్థల చర్చల్లో మిమిక్రీకి ఎక్కడ చోటిస్తాం? రెండు నాటకాల మధ్య తెర సర్దుకునే టైములో. పెళ్లి రిసెప్షన్‌లో భోజనాలు ఆలస్యమైనప్పుడు. 'కళే, కానీ...' అని ఒక నసుగుడు మన దగ్గర ఎప్పుడూ ఉంది. ఈ నసుగుడు ఈనాటిది కాదు. వెయ్యేళ్ల కింద కశ్మీరంలో రససిద్ధాంతం మీద పెద్ద గొడవే జరిగింది. నటుడు పాత్రను అనుకరిస్తాడు, ఆ అనుకరణలోంచే రసం అందుతుందన్నాడు శ్రీశంకుకుడు. చిత్రంలోని గుర్రాన్ని చూసి 'గుర్రం' అంటాం, అది నిజమనీ అనం, అబద్ధమనీ అనం, అలాంటిదే నటన అన్నాడు. దీన్నే చిత్రతురగ న్యాయం అంటారు. అభినవగుప్తుడి గురువు భట్టతౌతుడు ఒప్పుకోలేదు. ఇంకొకరి చేష్టల్ని అనుకరిస్తే పుట్టేది హాస్యం మాత్రమే అని నాట్యశాస్త్రమే చెబుతోంది గదా, మరి శోకం, భయం అనుకరణలోంచి ఎలా వస్తాయి అన్నది ఆ వైపు వాదన. పండితుల్లో భట్టతౌతుడి పక్షమే గెలిచింది.

ఈ గొడవలో వేణుమాధవ్ నాకు శంకుకుడి తరఫు సాక్షిలా కనబడతారు. కొండలు కూలుతున్న చప్పుడుకి ఎవరూ నవ్వరు. హాలు నిశ్శబ్దమైపోతుంది. చనిపోయిన నాగయ్య గొంతు వేదిక మీద వినబడినప్పుడు పుట్టేదాన్ని హాస్యం అనలేం. ఆ లెక్కన మైకు ముందు ఆయన గుర్రం, గీసిన గుర్రంలాంటిదే. అది గుర్రం కాదని అందరికీ తెలుసు, అయినా ముందు వరుసలోవాళ్లు కాళ్లు ముడుచుకుంటారు.

అమెరికాలో ఒక కథ జరిగింది. వాన్ మీడర్ అనే హాస్యనటుడు అధ్యక్షుడు కెనడీ గొంతుని అచ్చంగా దించేవాడు. 1962 చివర్లో అతను తెచ్చిన 'ది ఫస్ట్ ఫ్యామిలీ' రికార్డు లక్షల్లో అమ్ముడుపోయింది, గ్రామీ కూడా వచ్చింది. 1963 నవంబర్ 22న కెనడీని కాల్చి చంపారు. దుకాణాల్లోంచి ఆ రికార్డులు వెనక్కి తీసుకున్నారు. మీడర్ వృత్తి ఆ రోజుతో దాదాపు ముగిసింది. ఎందుకంటే అతని దగ్గరున్నది నవ్వించే కెనడీ ఒక్కడే, చచ్చిపోయిన మనిషి మీద నవ్వడానికి జనానికి మనసొప్పలేదు. కెనడీ గొంతు వేణుమాధవ్ దగ్గరా ఉండేది. నెహ్రూ గొంతూ ఉండేది. వాళ్లు పోయాక ఆ గొంతులకి ఆయన దగ్గర విలువ పెరిగింది. అనుకరణ నవ్వు మీద నిలబడితే అసలు మనిషితోనే పోతుంది, జ్ఞాపకం మీద నిలబడితే అసలు మనిషి పోయాకే మొదలవుతుంది.

అయితే దీనికి ఇంకో వైపు కూడా ఉంది, అది చెప్పకపోతే ఇది కూడా సన్మానపత్రమే అవుతుంది. మీడర్ పాలకుడి గొంతుతో పాలకుణ్ణి గిల్లాడు. మన పగటివేషగాళ్లు కూడా అంతే, కరణం వేషం కట్టి కరణం ఇంటి ముందే ఆడేవాళ్లు. వేణుమాధవ్ అనుకరణలో ముఖ్యమైన గుణం గౌరవం. నాయకుల గొంతుల్ని ఆయన శిల్పంలా చెక్కారు, ముల్లులా గుచ్చలేదు. 1972 నుంచి 78 దాకా శాసనమండలి సభ్యుడిగా కూడా ఉన్నారు. అధికారానికి అంత దగ్గరగా కూర్చుని, అన్ని గొంతులు చేతిలో ఉండీ, ఆ గొంతులతో అనకూడనిది అనిపించకపోవడం నాకు లోటుగానే తోస్తుంది. బహుశా మిమిక్రీని చిల్లర విద్య అనే చూపు నుంచి బయటపడేయాలంటే మర్యాద తప్పకూడదని ఆయన లెక్క కావచ్చు. నవ్వుతో పాటు వెటకారాన్నీ వదులుకోవాల్సి వచ్చింది.

సినిమాల్లో కూడా కనిపించారు, డజను దాకా ఉంటాయి. అక్కడ పెద్దగా ఏమీ జరగలేదు, జరగడానికి వీలూ లేదు. ఎన్టీఆర్, ఎస్వీఆర్ స్వయంగా ఉన్నచోట వాళ్ల గొంతు చేసేవాడితో ఏం పని? ఆయన అవసరం ఉన్నది వాళ్లు రాని చోట. ఊరి బడి ఆవరణలో, వినాయకుడి పందిట్లో, కాలేజీ వార్షికోత్సవంలో. మద్రాసుకో హైదరాబాదుకో మకాం మార్చకుండా వరంగల్‌లోనే ఉండిపోయారంటే, ఆయన కళకి రాజధానితో పని లేదని కూడా అర్థం.

టెలివిజన్ వచ్చాక లెక్క మారింది. హైదరాబాద్ దూరదర్శన్ 1977లో మొదలైంది. అప్పటికి ఆయనకి నలభై అయిదు దగ్గరపడుతున్నాయి. అసలు గొంతులే ఇంటి హాల్లోకి వచ్చాక, 'నెహ్రూ ఇలా మాట్లాడేవాడట' అని చెప్పేవాడి అవసరం తగ్గింది. మిమిక్రీకి మిగిలింది నవ్వించడమే. తర్వాతి తరం, శివారెడ్డి లాంటి వాళ్లు, ఆ నవ్వునే పట్టుకుని తెర మీద బాగా పైకొచ్చారు. తప్పేం లేదు, మాధ్యమం మారింది. చిత్రం ఏంటంటే ఇవాళ యూట్యూబ్‌లో మనకి దొరికే వేణుమాధవ్ చాలావరకు ఆ టీవీ కెమెరాలకి చిక్కిన పెద్దవయసు వేణుమాధవ్. అరవై దాటిన గొంతు విని ముప్పై ఏళ్ల గొంతుని ఊహించుకోవాలి. అందరి గొంతులూ దాచిపెట్టిన మనిషి నిండు వయసు గొంతుకి సరైన దాపు లేకుండా పోయింది.

ఈ సంగతి ఆయనకి తెలుసని నాకు అనిపించేది ఆయన చేసిన ఇంకో పని చూసినప్పుడు. విద్యని మనిషి మీద ఆధారపడకుండా చేయాలని చూశారు. మిమిక్రీ మీద పుస్తకం రాశారు. పొట్టి శ్రీరాములు తెలుగు విశ్వవిద్యాలయంలో మిమిక్రీకి డిప్లొమా కోర్సు రావడం వెనక ఆయన చొరవ ఉంది. యూనివర్సిటీ మిమిక్రీని పాఠంగా పెట్టడమంటే 'దేవుడిచ్చిన గొంతు' అనే మాటను పక్కన పెట్టడం. ఊపిరి ఇలా, అంగిలి ఇలా, వినడం ఇలా అని నేర్పొచ్చని ఒప్పుకోవడం. పద్మశ్రీ కన్నా ఇది పెద్ద గెలుపని నా లెక్క.

ఇప్పుడు కొన్ని సెకన్ల రికార్డింగ్ ఉంటే యంత్రం ఎవరి గొంతునైనా దించేస్తోంది. 2023లో అనిల్ కపూర్ తన పేరు, రూపంతో పాటు గొంతునీ 'ఝకాస్' అనే మాటనూ అనుమతి లేకుండా వాడుకోకూడదని ఢిల్లీ హైకోర్టుకు వెళ్లి ఉత్తర్వు తెచ్చుకున్నారు. గొంతు ఎవరి ఆస్తి అనే ప్రశ్న వేణుమాధవ్ రోజుల్లో ఇంతగా రాలేదు. ఎందుకంటే అప్పుడు గొంతుని ఎత్తుకెళ్లేవాడు అందరి ఎదురుగా నిలబడి, 'ఇప్పుడు నాగయ్య గారు' అని పేరు చెప్పి మరీ ఎత్తుకెళ్లేవాడు. పని అయ్యాక తిరిగి తన గొంతులోకి వచ్చి నమస్కారం పెట్టేవాడు.

డిసెంబర్ 28ని ఆయన శిష్యులు, అభిమానులు మిమిక్రీ దినంగా జరుపుకుంటారు. హనుమకొండ పబ్లిక్ గార్డెన్స్‌లో సభా వేదికకి ఆయన పేరే పెట్టారు, నేరెళ్ల వేణుమాధవ్ కళాప్రాంగణం అని. కొత్తవాడ నుంచి ఆటోలో వెళ్లొచ్చు.