నటనకూ నిజానికీ నడుమ: 'చివరకు మిగిలేది' (1960) – ఒక పరిశీలన

వాస్తవానికీ భ్రమకూ మధ్య హద్దు చెరిగిపోవడం సినిమాకు మూకీల కాలం నుంచీ ఉన్న ఇతివృత్తం. జపానులో తెయినొసుకె కినుగాసా 1926లో తీసిన 'కురుత్తా ఇప్పేజి' ఇందుకు ప్రసిద్ధ ఉదాహరణ. మానసిక చికిత్సాలయంలో ఉన్న భార్యకు దగ్గరగా ఉండాలని అక్కడే పనివాడుగా చేరిన ఒక మాజీ నావికుని కథ అది. స్వల్ప వ్యయంతో తయారైన ఆ చిత్రంలో భ్రమను కెమెరాయే సృష్టించింది. ఒకదానిపై ఒకటి పరచిన దృశ్యాలలో ఏది కలో, ఏది నిజమో ప్రేక్షకుడే తేల్చుకోవాలి.

తెలుగులో ఈ ఇతివృత్తం వేరొక రూపం దాల్చింది. గుత్తా రామినీడు దర్శకత్వం వహించిన 'చివరకు మిగిలేది'కి మూలం అసిత్ సేన్ బెంగాలీ చిత్రం 'దీప్ జ్వేలే జాయ్' (1959). బుచ్చిబాబు నవలతో దీనికి పేరులో తప్ప సంబంధం లేదు. ప్రేమలో భంగపడి మతి చలించిన రోగికి ప్రేమనే మందుగా అందించాలన్నది ఇందులోని వైద్యుని ప్రయోగం. ఆ ప్రేమను నటించవలసిన బాధ్యత నర్సుది. ఆ పాత్రను సావిత్రి పోషించారు. రోగి కోలుకుంటాడు. నటన ఎక్కడ ముగిసి నిజం ఎక్కడ మొదలైందో తేల్చుకోలేని నర్సు మాత్రం తాను సేవ చేసిన చోటే రోగిగా మిగులుతుంది.

ఆనాడు దేశంలో మానసిక చికిత్సాలయాలు 1912 నాటి వలస పాలకుల చట్టం కింద నడిచేవి. రోగిని చికిత్స కన్నా నిర్బంధంతోనే ఎక్కువగా ముడిపెట్టిన చట్టమది. ఆ నేపథ్యంలో ఆప్యాయతను ఔషధంగా ప్రతిపాదించడం మానవీయమైన ఆలోచనే. అయితే ఆ ఔషధం ఒక ఉద్యోగిని మనసు నుంచి తీసినది. కినుగాసా చిత్రంలో భ్రమ చూపుకు సంబంధించినది. ఇక్కడ అది విధి నిర్వహణలో పుట్టినది. నర్సు అనురాగం ఫలించినంత కాలం అది వైద్య విజయంగా లెక్కకు వస్తుంది. ఆమె కుప్పకూలిన తరువాతే అది వ్యక్తి వేదనగా కనిపిస్తుంది.

అసిత్ సేనే ఈ కథను హిందీలో 'ఖామోషీ' (1969)గా తిరిగి తీసినప్పుడూ నర్సుకు ఇదే గతి పట్టింది. 'చివరకు మిగిలేది'ని సావిత్రి నటనా వైభవానికి నిదర్శనంగా మాత్రమే స్మరిస్తే, సేవావృత్తిలోని స్త్రీల మానసిక శ్రమను తెలుగు సినిమా 1960లోనే ప్రశ్నించిన వైనం మరుగున పడుతుంది.