ఇరాన్ తెరపై తరానె

మన తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932లో వచ్చింది. దర్శకులు హెచ్.ఎం. రెడ్డిగారు, నిర్మాత అర్దెషీర్ ఇరానీ. మరుసటి ఏడాదే ఆయన బొంబాయిలో తొలి పారశీక టాకీ ‘దొఖ్తరె లోర్’ తీశారు. అంటే సురభి కమలాబాయిగారిని, ఇరాన్ యువతి రూహంగీజ్ సామినెజాద్‌ను తెరపై మాట్లాడించినది ఒకే నిర్మాత. ఆ చిత్రం టెహరానులో జయప్రదంగా నడిచింది. కాని తెరకెక్కినందుకు రూహంగీజ్ నిందలు, వేధింపులు భరించవలసి వచ్చింది. చివరికి జనం కంటపడకుండా బ్రతికి 1997లో కన్నుమూశారు.

ఆమె వేసిన బాటలో నడిచిన నేటి తార తరానె అలీదూస్తీ. హిందుస్తానీ సంగీతంలో మనం వినే ‘తరానా’ ఈ పారశీక పదమే. 1984లో టెహరానులో పుట్టిన ఈమె తండ్రి పేరుపొందిన ఫుట్‌బాల్ ఆటగాడు. 2002లో ‘నేను తరానె, పదిహేనేళ్లు’ అనే చిత్రంతో రంగప్రవేశం చేశారు. తండ్రి జైలులో ఉండగా, విడాకులు పొందిన పసిప్రాయపు పిల్ల తన బిడ్డను ఒంటరిగా పెంచుకోవాలని నిశ్చయించుకునే కథ అది. ఆ పాత్రకు లొకార్నో ఉత్సవంలో ఉత్తమ నటి బహుమతి లభించింది.

1979 విప్లవానంతరం ఇరాన్ సినిమాలో స్త్రీ తన ఇంట ఉన్నట్లు చూపినా తలపై ముసుగు తీయరాదు. భర్త వేషధారి ఆమె చేయి పట్టరాదు. ఇన్ని కట్టుబాట్ల నడుమ కంటిచూపుతో, కంఠస్వరంతో నటించడమే అక్కడి తారల విద్య. అస్ఘర్ ఫర్హాదీ దర్శకత్వంలో ‘ఎల్లీ గురించి’ (2009), ‘సేల్స్‌మన్’ (2016) చిత్రాలలో తరానె ఆ విద్యకు పరాకాష్ఠ చూపారు. ‘సేల్స్‌మన్’ 2017లో ఆస్కార్ గెలిచింది. ఇరాన్ వారికి అమెరికా వీసాలు నిలిపివేసే యత్నానికి నిరసనగా తరానె ఆ సభకు వెళ్లలేదు.

2022 సెప్టెంబరులో మహ్సా అమీనీ నిర్బంధంలో మరణించగా దేశం అట్టుడికింది. నవంబరులో తరానె ముసుగు లేని తన ఛాయాచిత్రాన్ని ప్రకటించారు. ‘స్త్రీ, జీవితం, స్వేచ్ఛ’ అన్న నినాదం ఆమె చేతిలో ఉంది. దేశం విడిచిపోననీ చెప్పారు. డిసెంబరులో ఒక నిరసనకారుని ఉరితీతను ఖండించగా, 17వ తేదీన అరెస్టు చేశారు. 2023 జనవరి 4న జామీనుపై విడుదలై, తలపై ముసుగు లేకుండానే జైలు వాకిట నిలిచారు. తోటి కళాకారులు ఆమెకు పూలతో స్వాగతం పలికారు.

ఇది పరాయి కథ అని మనం అనుకోరాదు. స్త్రీ వేషాలు పురుషులే కట్టే రోజుల్లో సురభి కుటుంబాల స్త్రీలు ధైర్యంగా రంగమెక్కకపోతే మనకు ఒక కమలాబాయి దక్కేవారా? ఈ ఉత్సవంలో మన ఆడపిల్లలు నిస్సంకోచంగా ఆడి పాడుతున్నారు. ఆ వేదికకు మూల్యం చెల్లించినవారు ఎందరో ఉన్నారు. వారి పేర్లు పిల్లలకు చెప్పడం మన విధి.