రీవాల్యుయేషన్ జాప్యం: న్యాయ మార్గాలు

పేపరు మళ్లీ దిద్దమని ఫీజు కట్టిన విద్యార్థికి యూనివర్సిటీ సకాలంలో ఫలితం చెప్పకపోవడమే రీవాల్యుయేషన్ జాప్యం. ఈలోగా సప్లిమెంటరీ ఫీజు గడువు దాటిపోవచ్చు, పీజీ సీటు చేజారవచ్చు. మార్కుల విషయంలో కోర్టులు ఆచితూచి అడుగేస్తాయి. ఆలస్యం విషయంలో మాత్రం విద్యార్థికి అడిగే హక్కు గట్టిగానే ఉంది.

హక్కు పరిధి

నిబంధనల్లో లేకపోతే రీవాల్యుయేషన్‌ను హక్కుగా కోరలేమని సుప్రీంకోర్టు 1984లో మహారాష్ట్ర బోర్డు కేసులో తేల్చింది. నిబంధన పెట్టి, ఫీజు తీసుకున్న యూనివర్సిటీకి ఆ పని పూర్తిచేసే బాధ్యత ఉంటుంది.

యూనివర్సిటీలో ఫిర్యాదు

యూజీసీ 2023 నిబంధనల ప్రకారం మొదట విద్యార్థి ఫిర్యాదుల పరిష్కార కమిటీకి రాయాలి. కమిటీ 15 పనిదినాల్లో నివేదిక ఇవ్వాలి. దానితో తృప్తి లేకపోతే 15 రోజుల్లో అంబుడ్స్‌పర్సన్‌కు అప్పీలు చేసుకోవచ్చు.

సమాచార హక్కు

దిద్దిన జవాబు పత్రాన్ని చూసే హక్కు విద్యార్థికి ఉందని 2011లో ఆదిత్య బందోపాధ్యాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. దిద్దినవారి పేరు మాత్రం ఇవ్వనక్కర్లేదు. యూనివర్సిటీ పత్రాలను భద్రపరిచే కాలం వరకే ఈ హక్కు చెల్లుతుంది కాబట్టి వెంటనే దరఖాస్తు పెట్టాలి. 30 రోజుల్లో జవాబు రావాలి. అకారణంగా ఆలస్యం చేసిన అధికారికి సమాచార కమిషన్ రోజుకు 250 రూపాయల చొప్పున, గరిష్ఠంగా 25,000 దాకా జరిమానా వేయవచ్చు.

హైకోర్టులో రిట్

రాజ్యాంగం 226వ అధికరణ కింద మాండమస్ రిట్ వేయవచ్చు. ముందుగా యూనివర్సిటీకి వినతిపత్రం ఇచ్చి రసీదు తీసుకోవాలి. ఫీజు రసీదు, హాల్‌టికెట్, మార్కుల మెమో జతచేయాలి. మార్కులు పెంచమని కాక, ఫలానా గడువులో ఫలితం ఇప్పించమని కోరితే కేసు నిలుస్తుంది. అడ్మిషన్ తేదీ దగ్గరపడితే మధ్యంతర ఉత్తర్వు కోరవచ్చు. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు 1987 న్యాయసేవల చట్టం కింద ఉచిత న్యాయ సహాయం దొరుకుతుంది.

వినియోగదారుల కమిషన్ దారి మూసుకుపోయినట్టే: పరీక్ష రాసే విద్యార్థి వినియోగదారు కాడని సుప్రీంకోర్టు 2009లో బిహార్ బోర్డు కేసులో తీర్పు చెప్పింది.

2019 ఇంటర్ ఉదంతం

యూనివర్సిటీ పరీక్ష కాకపోయినా, ఆలస్యం విలువ ఎంతో తెలంగాణకు తెలిసింది ఇక్కడే. ఏప్రిల్ 18న వెలువడిన ఇంటర్ ఫలితాల్లో తప్పులు బయటపడ్డాయి. పలువురు విద్యార్థులు ప్రాణాలు తీసుకున్నారు. వ్యవహారం హైకోర్టుకు చేరింది. ఫెయిలైన మూడు లక్షలకు పైగా విద్యార్థుల పత్రాలను ఉచితంగా మళ్లీ పరిశీలించారు. మే నెలాఖరుకు 1,137 మంది పాసైనట్టు తేలింది. పాసు కావలసిన ఆ పిల్లలు నెలకు పైగా ఫెయిలైనవారిగా ఇళ్లలో తలదించుకుని గడపాల్సివచ్చింది. గడువు తప్పిన ప్రతి ఫలితం వెనుక అలాంటి విద్యార్థి ఉండవచ్చు.