రైలు సినిమాలో కనపడని వాళ్లు



పోయిన వారం మా కాలేజీ పిల్లలు ఒక షార్ట్ ఫిల్మ్ చూపించారు. జమ్మలమడుగు నుంచి ప్రొద్దుటూరు దాకా రైల్లో సెల్‌ఫోన్‌తో తీశారు. ఆరు నిమిషాలు, మాటల్లేవు. చక్రాల చప్పుడు, కిటికీ, ఫోన్లలోకి వంగిన తలలు. 'ప్రయోగం సార్' అన్నారు. బాగుంది. కానీ కెమెరా ఒక్కసారీ పెట్టె దిగలేదు.

రైలూ సినిమా పాత చుట్టాలే. సినిమా పుట్టిన కొత్తలోనే లూమియేర్ సోదరులు స్టేషన్‌కొచ్చే రైలును తీశారు. 1896 జులైలో వాళ్ల సినిమాలు బొంబాయి చేరాయి. 1967లో ఎస్.ఎన్.ఎస్. శాస్త్రి, స్వాతంత్ర్యం నాడు పుట్టిన యువత మీద 'ఐ యామ్ 20' తీస్తే అందులోనూ రైలుంది. రైలంటే ఆధునికత, కొత్త దేశం.

మన దగ్గర ఆ ఆధునికత ఎలా వచ్చింది? ఎర్రగుంట్ల, ముద్దనూరుల మీదుగా పోయే మద్రాసు-రాయచూరు లైను 1871కే పూర్తయింది. పక్కనున్న ప్రొద్దుటూరు, జమ్మలమడుగుల్లో రైలు ఆగింది 2016లో, నంద్యాల లైను వచ్చాక. పులివెందుల వాళ్లు ఇప్పటికీ రైలు కోసం ముద్దనూరు లాంటి పక్క ఊరికి పోవాల్సిందే.

ఒకే బల్ల మీద అందర్నీ కూర్చోబెట్టి రైలు కులాన్ని పోగొట్టిందని పుస్తకాల్లో చదువుకున్నాం. అంబేద్కర్ 'వెయిటింగ్ ఫర్ ఎ వీసా'లో వేరే సంగతి రాశారు. 1901లో తండ్రి దగ్గరికి పోతూ అన్నతో, అక్క పిల్లలతో మసూర్ స్టేషన్‌లో దిగారు. మంచి బట్టల్లో ఉన్న పిల్లల్ని స్టేషన్ మాస్టర్ ఆదరంగానే పలకరించాడు. మహర్లమని చెప్పగానే వెనక్కి జరిగాడు. రెట్టింపు డబ్బిస్తామన్నా బండివాడు తోలనన్నాడు. పిల్లలే తోలుకుంటూ పోయారు, బండివాడు పక్కన నడిచాడు. టికెట్టు స్టేషన్ దాకే పనిచేసింది.

అప్పటి మాట కదా అనకండి. 2013లో మానవ మలం ఎత్తే పనిని నిషేధించిన చట్టం, ఆ పని జరిగే చోట్లలో రైలు పట్టాలనూ పేరుపెట్టి చెప్పింది. పట్టాల మీద చీపురు పట్టింది ఏ కులాలో మీకు తెలుసు. అందుకే నా లెక్కలో రైల్లో వచ్చిన పెద్ద టెక్నాలజీ వేగం కాదు, వైఫై కాదు. బోగీల కింద బిగించిన బయో టాయిలెట్. అది రావడానికి ఎన్ని తరాలు పట్టిందో లెక్కేయండి.

ఇదే పిల్లలకు చెప్పాను. పులివెందుల నుంచి వచ్చే అమ్మాయి కాసేపు ఏమీ అనలేదు. తర్వాత అంది: 'మా అవ్వ కంకర కొట్టింది సార్. ఈసారి కెమెరా పట్టాల పక్కన పెడతాం.'

ఆ సినిమా కోసం చూస్తున్నా.