రామమాడ: శాసనం, కీర్తన, కథ

విజయనగరం జిల్లా నెల్లిమర్ల మండలంలోని రామతీర్థాన్ని ‘ఉత్తరాంధ్ర భద్రాద్రి’ అని పిలవడం వాడుక. ఈ పోలికకు ఆధారం రామాలయమే. అయితే భద్రాద్రి పేరు వినగానే ఆలయంతో పాటు ఒక నాణెం కూడా తలపుకు వస్తుంది. అది రామమాడ. గోల్కొండ సుల్తాను తానీషాకు ఒక రాత్రివేళ రామలక్ష్మణులు చెల్లించారని చెప్పుకొనే ధనం అది. ఏ రాజ్య టంకశాలలోనూ పుట్టని ఈ నాణెం తెలుగువారి జ్ఞాపకంలో తరతరాలుగా చెలామణి అవుతోంది. ఇది ఉన్నదా, లేదా అనే ప్రశ్న దగ్గరే చర్చ ఆగిపోతే, దీనికి ‘మాడ’ అనే పేరే ఎందుకు నిలిచిందన్న ప్రశ్న మరుగున పడుతుంది. ఈ వ్యాసం ఆ రెండవ ప్రశ్నను పరిశీలిస్తుంది.

శాసనాలలో మాడ

రామతీర్థంలోని దుర్గకొండ గుహలో తూర్పు చాళుక్య విమలాదిత్యుని (1011-1018) కాలపు శాసనం ఉంది. త్రికాలయోగి సిద్ధాంతదేవుడనే జైనాచార్యుడు రామకొండకు వందనం చేసినట్లు అది తెలుపుతుంది. ఆ రాజవంశపు బంగారు నాణేలు నేటికీ లభ్యమవుతున్నాయి. విమలాదిత్యుని అన్న శక్తివర్మ, కుమారుడు రాజరాజనరేంద్రుడు వేయించిన వరాహ లాంఛన నాణేలు సముద్రం దాటి బర్మా తీరం వరకు వెళ్ళాయి.

తరువాతి శతాబ్దాల తెలుగు శాసనాల్లో బంగారు నాణేనికి తరచుగా కనిపించే పేరు మాడ. గండమాడ, బిరుదుమాడ, రాజరాజమాడ వంటి భేదాలు అందులో ఉన్నాయి. ఈ ప్రాంతానికే చెందిన శ్రీకూర్మం, సింహాచలం శాసనాల్లో గండమాడల ప్రస్తావన విస్తారం. ఆ శాసనాల్లో వ్యవహారం నడిచే తీరు దాదాపు ఒక్కటే. దాత తన అభీష్టసిద్ధి కోసం కొన్ని మాడలను దేవుని శ్రీభండారంలో ఉంచుతాడు. అందుకు బదులుగా ఆలయం అఖండదీపమో నిత్యనైవేద్యమో నిర్వహించడానికి ఒప్పుకుంటుంది. ఆ ఒప్పందాన్ని ఆచంద్రార్కంగా శిలపై చెక్కిస్తారు. ఇక్కడ మాడ అంగడి నాణెం మాత్రమే కాదు. మనిషికీ దేవునికీ మధ్య కుదిరిన ఒప్పందానికి కొలమానం. ధనం మనిషి నుంచి దేవుని భండారానికి చేరుతుంది. శాసనం దానికి రసీదు.

కీర్తనలలో వరహా

కంచెర్ల గోపన్న కాలానికి ఈ పరిస్థితి మారింది. అబుల్ హసన్ తానీషా 1672లో గద్దెనెక్కాడు. 1687లో గోల్కొండ ఔరంగజేబు వశమైంది. కుతుబ్‌షాహీలు తమ పేరిట ముద్రించినవి ప్రధానంగా రాగి నాణేలు. పెద్ద మొత్తాల లావాదేవీలు హొన్నులలో, అంటే వరహాలలో జరిగేవి.

రామదాసు పేరిట ప్రసిద్ధమైన ‘ఇక్ష్వాకు కులతిలక’ కీర్తన ఈ సందర్భంలో ముఖ్యమైన ఆధారం. ప్రాకారానికీ, సీతమ్మ చింతాకు పతకానికీ, భరతుని పచ్చల పతకానికీ, శత్రుఘ్నుని బంగారు మొలత్రాడుకూ ఎంతెంత ఖర్చయిందో అందులో రాముడికి అప్పజెప్పుతాడు. ఆ లెక్కంతా వరహాలలో, మొహరీలలోనే ఉంది. మాడ మాట లేదు. అది భక్తుని నిష్ఠూరమే అయినా ఒక తహశీల్దారు చిట్టా లాగా సాగుతుంది. ఖర్చు చేసింది లోకంలోని డబ్బు కనుక లెక్క కూడా లోకవ్యవహారంలోని నాణేలలోనే ఉంది.

కథలో మాడ

విడుదల ఘట్టానికి వచ్చేసరికి నాణెం పేరు మారుతుంది. రామోజీ, లక్ష్మోజీ అనే పేర్లతో వచ్చిన ఇద్దరు యువకులు ఆరు లక్షలు చెల్లించి రసీదు తీసుకున్నారని కథ. కొన్ని కథనాల్లో తానీషా దీనిని కలగా చూస్తాడు. మేలుకొని చూసేసరికి ధనం ఎదుట ఉంటుంది; రసీదు చెరసాలలోని రామదాసును చేరుతుంది. ఆరు లక్షలన్న సంఖ్య స్థిరంగా ఉన్నా, నాణెం పేరు మాత్రం చెప్పేవారిని బట్టి వరహా, మొహరీ, మాడ అని మారుతూ ఉంటుంది. చివరకు రాముడి పేరుతో జతకట్టి నిలిచింది మాడ ఒక్కటే. రామవరహా, రామమొహరీ అనే మాటలు వాడుకలో స్థిరపడలేదు.

అందుకు కారణం శాసన సంప్రదాయంలో ఉందని నా ప్రతిపాదన. వరహా, మొహరీ పన్నుల డబ్బు. మాడ దేవుని భండారపు డబ్బు. శాసనాల్లో మనిషి నుంచి దేవునికి నడిచిన మాడ, కథలో దేవుని నుంచి రాజు ఖజానాకు నడిచింది. శ్రీభండారంలో తరతరాలుగా పెట్టిన సొమ్ము ఒక భక్తుని ఆపదలో తిరిగి వచ్చినట్లయింది. ఈ కథ రసీదును అంత పట్టుదలగా గుర్తుంచుకోవడం కూడా ఇందుకు అనుగుణమే. ధనం ఇచ్చినంత మాత్రాన బాకీ తీరదు. రాజు చేతి వ్రాత కావాలి. ఒకప్పుడు శిలాశాసనం చేసిన పనిని కథలో ఆ కాగితం చేస్తుంది.

పూజాపీఠంపై టంకం

ఈ ఊహకు రూపమిచ్చినవి రామటంకాలు. సీతారాముల పట్టాభిషేక దృశ్యం ముద్రించిన ఈ బిళ్ళలు పూజకోసం చేసినవే గాని మారకానికి కాదు. రాముని రూపం అసలైన నాణేలపైకి రాకపోలేదు. అరవీటి తిరుమలరాయల వరహాపై సీతారామలక్ష్మణులు ఉన్నారు. అక్బరు పాలన చివరి రోజుల్లో, 1604-05లో, ‘రామసీయ’ అని నాగరిలో వ్రాసిన నాణెం వెలువడింది. ఇవి రాజులు వేయించిన ధనం. రామటంకాన్ని వాటితో కలపరాదు. రామపరివారం బొమ్మతో, 1818 వంటి సంవత్సరంతో ‘ఈస్టిండియా కంపెనీ అర్ధణా’ అని నేడు అమ్మకానికి వచ్చే బిళ్ళలను అసలే కలపరాదు. కంపెనీ అర్ధణాలపై రాముడు లేడు. ఆ బిళ్ళలకు చరిత్రా లేదు, కథా లేదు. ఉన్నది కొనేవారి అమాయకత్వం మీద వ్యాపారం.

ముగింపు

రామమాడను చారిత్రక నాణెంగా నిరూపించబూనడం ఎంత పొరపాటో, కట్టుకథ అని తోసివేయడమూ అంతే పొరపాటు. దాని బరువును త్రాసులో తూచలేం. కాని వాడుకలోంచి తొలగిన ఒక శాసన పదాన్ని, ఆ పదంతో ముడిపడిన దేవాలయ ఆర్థిక నీతిని జనం జ్ఞాపకంలో నిలిపింది ఈ కథే. శ్రీకూర్మం, సింహాచలం శాసనాలను భద్రాచల కీర్తనలతో కలిపి చదివినప్పుడే ఈ సంబంధం బయటపడుతుంది. శాసనాన్ని చరిత్ర విభాగానికీ, కీర్తనను సాహిత్య విభాగానికీ వదిలేసే మన అలవాటులో రామమాడ ఇంతకాలం ఎవరి లెక్కలోకీ రాకుండా పోయింది.